డెల్టాలో ఒక సేద్యపు ఊరి గురించి రాయడం ఎలా

గోదావరి డెల్టాలోని చిన్న ఊరి గురించి రాయబూనిన వారిలో చాలామంది పచ్చని చేలతోనూ కొబ్బరి తోటలతోనూ మొదలుపెట్టి, గుడి, బడి, జనాభా చెప్పి ముగిస్తారు. అలా రాసిన పరిచయంలో ఊరి పేరు తీసేసి పొరుగూరి పేరు పెట్టినా ఎవరికీ తేడా తెలియదు. ఇక్కడ ఒక ఊరిని మరో ఊరి నుంచి వేరు చేసేది నీరు. ఏ పొలానికి నీరు ముందు అందుతుంది, ఏ పొలంలో వాననీరు దిగకుండా నిలిచిపోతుంది అన్నదాన్ని బట్టే పంట, కౌలు, అప్పు, చివరికి పిల్లల చదువు కూడా నడుస్తాయి. అందువల్ల ఊరి పరిచయాన్ని నీటి దారి వెంట రాయాలని నా అభిప్రాయం.

ధవళేశ్వరం ఆనకట్ట నిర్మాణం 1847లో మొదలై 1852లో పూర్తయిందనీ, దాని కాలువల వల్లనే తూర్పు, మధ్య, పశ్చిమ డెల్టాలకు సాగునీరు వచ్చిందనీ రెండు వాక్యాల్లో చెబితే చాలు. ఆ చరిత్ర డెల్టా అంతటికీ ఒక్కటే. మీ ఊరికి ప్రత్యేకమైనది ఏ పెద్ద కాలువ నుంచి, ఏ పిల్ల కాలువ మీదుగా, ఏ తూము దగ్గర నీరు చేలలోకి దిగుతుందన్న విషయం. లస్కరునో (కాలువ నీటిని చూసుకునే ఉద్యోగి), నీటి సంఘంలో పనిచేసిన పెద్దనో వెంటబెట్టుకొని ఎగువ తూము నుంచి శివారు భూముల దాకా గట్ల మీద నడవండి. దాళ్వాలో, అంటే రబీ వరి కాలంలో, వంతులవారీగా నీరిచ్చే రోజుల్లో శివారు రైతు రాత్రిళ్లు ఎక్కడ కాపలా ఉంటాడో, తూము దగ్గర తగాదా వస్తే ఎవరి మాట చెల్లుతుందో అడిగి తెలుసుకోండి.

అక్కడితో ఆగకుండా మురుగు కాలువ దాకా వెళ్లాలి. డెల్టా రైతు నీరు రాక ఎంత నష్టపోతాడో, నీరు పోక కూడా అంతే నష్టపోతాడు. పూడిక, గుర్రపుడెక్క, గట్ల ఆక్రమణలు కలిసి మురుగు దారిని మూసేస్తే నాలుగు రోజుల ముసురుకే ఊడ్చిన (నాటిన) చేను కుళ్లిపోతుంది. 2011 సార్వాలో, అంటే ఖరీఫ్‌లో, కోనసీమ రైతులు పంట వేయకుండా విరామం ప్రకటించినప్పుడు గిట్టుబాటు ధర, కూలీల కొరత, పెట్టుబడి భారంతో పాటు ఈ మురుగు సమస్య కూడా వారి ఫిర్యాదుల్లో ఉంది. మీ ఊరు ఆ విరామంలో చేరిందా, చేరితే ఎవరు ముందు నిలిచారు, ఎవరికి చేరక తప్పలేదు అన్నది తప్పక రాయవలసిన సంగతి.

ఎప్పుడు వెళ్లాలన్నది కూడా ఆలోచించాలి. సాధారణంగా జూన్‌లో కాలువలకు నీరు వదిలాక ఆకుమళ్లు (నారుమళ్లు) పోస్తారు. దమ్ము (నీరు పెట్టి చేను బురదగా దున్నడం), ఊడ్పులు మొదలైతే ఎవరికీ నిలబడి మాట్లాడే తీరిక ఉండదు. సార్వా కోతలు తుఫానుల కాలంలో పడతాయి కనుక అప్పుడు రైతు మనసు ఆకాశం మీదే ఉంటుంది. ఊడ్పులయ్యాక కలుపు తీతల సమయంలో ఒకసారి, దాళ్వా కోతలు ముగిసి కాలువలు కట్టేసి నీరు ఆపాక వేసవిలో మరోసారి వెళ్లడం మంచిది. రెండోసారి వెళ్లినప్పుడు మంచినీళ్ల చెరువు చూడండి. కాలువ కట్టేయకముందే ఆ చెరువు నింపుకున్నారో లేదో, వేసవి చివరికి అది ఎంతవరకు దిగిందో చూస్తే ఊరి పాలన తీరు కొంత అర్థమవుతుంది.

లెక్కల విషయంలో జాగ్రత్త అవసరం. డెల్టాలో దిగుబడిని, కౌలును బస్తాల్లో చెబుతారు, ధాన్యం బస్తా అంటే సాధారణంగా 75 కిలోలు. ఎకరానికి 30 బస్తాలని ఎవరైనా చెబితే అది 22.5 క్వింటాళ్లని పక్కన రాసుకోండి. అది సార్వా లెక్కో, దాళ్వా లెక్కో, ఆరబెట్టిన ధాన్యమో, కోత యంత్రం నుంచి నేరుగా వచ్చిన పచ్చి ధాన్యమో కూడా అడగాలి. ఏ వంగడం వేస్తున్నారో అడిగి, ఎందుకు వేస్తున్నారో కూడా అడగండి. మార్టేరు పరిశోధన కేంద్రం నుంచి వచ్చిన స్వర్ణ, అంటే ఎం.టి.యు. 7029, సార్వా చేలను చాలా కాలం ఏలింది. దాన్ని వదిలినవారు, వదలనివారు చెప్పే కారణాల్లో నేల స్వభావం, నీటి ముంపు, మిల్లరు బేరం అన్నీ బయటపడతాయి.

అన్నిటికంటే ఎక్కువ శ్రద్ధ పెట్టవలసిన చోటు కౌలు. అడంగల్‌లో (ఊరి భూముల, సాగు రికార్డులో) కనిపించే పేరు ఒకరిది, చేలో దిగి దమ్ము పట్టేది మరొకరు కావడం డెల్టాలో మామూలు. భూయజమాని హైదరాబాదులోనో అమెరికాలోనో ఉండవచ్చు. సాగు చేసేవారికి నోటి మాటే ఒప్పందం. 2019 నాటి పంట సాగుదారు హక్కుల చట్టం 11 నెలల సాగు ఒప్పంద పత్రానికి వీలు కల్పించినా, దానికి యజమాని సంతకం కావాలి. ఆ సంతకం దొరకని కౌలు రైతుకు పంట రుణం, పంట నష్ట పరిహారం అందడం కష్టమవుతుంది. కాబట్టి కాగితాల్లోని రైతుల జాబితా ఆధారంగా ఊరి రైతుల గురించి రాస్తే అసలు సేద్యం చేసేవారే అందులో ఉండరు. కౌలు రైతుతో చేలో ఒంటరిగా మాట్లాడండి; యజమాని అరుగు మీద కూర్చోబెట్టి అడిగితే నిజం రాదు. ఆయన పేరు, పొలం గుర్తులు రాయవద్దు, ఎందుకంటే మీరు రాసిన ఒక్క వాక్యం వచ్చే ఏడాది ఆయన చేతిలో ఆ పొలం లేకుండా చేయవచ్చు.

పేటలన్నీ తిరగాలి. రామాలయం వీధిలో ఆగిపోయి రాసినది సగం ఊరి పరిచయమే. ఊడ్పులు, కలుపు తీసే ఆడవారు ఎక్కువగా ఏ పేట నుంచి వస్తారు, ముఠాగా గుత్తకు చేస్తారా, రోజుకూలికి వెళ్తారా, కోత యంత్రాలు వచ్చాక పోయిన పనిదినాలను దేనితో పూడ్చుకుంటున్నారు అని అడగండి. మగ రచయితలు వెంట ఊరి ఆడమనిషిని ఒకరిని తీసుకెళ్తే మేలు; పెద్దావిడను "మామ్మగారండీ" అని, నడి వయసు వారిని "అత్తయ్యగారండీ" అని పలకరించి, పని చేతిలో ఉండగానే మాట్లాడనివ్వాలి. కోనసీమ ఊళ్లలో ఇంటిపనికి గల్ఫ్ దేశాలకు వెళ్లి కుటుంబాలను నిలబెట్టిన స్త్రీలు ఎందరో ఉన్నారు. నరసాపురం, పాలకొల్లు చుట్టుపక్కల ఇంటి అరుగు మీద లేసు అల్లే చేతులు ఉన్నాయి. ఈ సంపాదనలను "వ్యవసాయమే ప్రధాన వృత్తి" అన్న వాక్యం మింగేయకూడదు. కొబ్బరి దింపు, ఒలుపు కార్మికులకు కూడా చోటివ్వండి.

ఊరి పొలాల్లో రొయ్యల చెరువులు ఉంటే చెరువు గలవారిని, ఆ గట్టుకు ఆనుకొని వరి వేసేవారిని వేర్వేరుగా కలవాలి. మొదటివారు లాభనష్టాలు చెబుతారు. రెండోవారు తమ చేలోకి ఊరిన ఉప్పదనం గురించి చెబుతారు. లంక (నది మధ్యనున్న దిబ్బ) గ్రామమైతే రేవులు, పడవ దాటింపు, ఏటి కోతకు పోయిన భూముల సంగతి మీ రచనలో అధిక భాగం ఆక్రమించినా తప్పులేదు.

పెద్దల జ్ఞాపకాలను సేకరించేటప్పుడు సంవత్సరాలు అడిగితే జవాబు సరిగా రాదు. 1986 ఆగస్టు వరదకు ముందా, తర్వాతా? 1996 నవంబరు తుఫానుకు కొబ్బరి చెట్లు పడిపోయేనాటికి పెద్దబ్బాయి ఏ తరగతి? ఇలా అడిగితే కాలం దానంతటదే తేలుతుంది. గోడ మీద 1986 వరద ఎత్తు గుర్తు ఉంటే కొలిచి రాసుకోండి. 2022 జులై వరద దానికి ఎంత దిగువన ఆగిందో ఇంటివారే చూపిస్తారు.

రాయడం పూర్తయ్యాక ప్రచురించకముందు ఊళ్లో చదివి వినిపించండి. ఒకసారి రచ్చబండ దగ్గర, మరోసారి కూలీల పేటలో వినిపించాలి. రెండు చోట్లా వచ్చే దిద్దుబాట్లు ఒకే రకంగా ఉండవు. తూము పేరు, గట్టు పేరు, బస్తాల లెక్క తప్పని ఎవరైనా అంటే వెంటనే సరిదిద్దండి. ఒక వర్గం వారు ఏదైనా సంగతి తీసేయమంటే, అది ఎవరికి హాని చేస్తుందో అడగండి. బలహీనుడికి హాని అయితే తీసేయాలి. బలవంతుడికి ఇబ్బంది మాత్రమే అయితే ఆయన వాదన కూడా పక్కన చేర్చి ఉంచాలి.