పీడీఎఫ్ ప్రింట్ కొడితే డీఎల్‌ఎల్ లేదంటోందా?

ప్రింట్ నొక్కగానే ‘ఫలానా డీఎల్‌ఎల్ ఫైలు లేదు’ అని విండోస్ చెబితే, చాలామంది ఆ పేరు గూగుల్‌లో వెతికి, ఏదో సైటులో దొరికిన ఫైలు తెచ్చి, విండోస్ సొంత ఫైళ్ళుండే సిస్టమ్32 ఫోల్డర్‌లో పెట్టేస్తారు. దయచేసి ఆ పని చేయకండి. డీఎల్‌ఎల్ అంటే ఉత్త డేటా కాదు, ప్రోగ్రాములు తమ పనికి పిలుచుకునే, నడిచే కోడు. దాన్ని వాడుకునే ప్రోగ్రాముకు ఎన్ని అనుమతులున్నాయో దానికీ అన్నీ దక్కుతాయి. వైరస్ లేకపోయినా సరే, 64 బిట్ ప్రోగ్రాముకు 32 బిట్ ఫైలు పనికిరాదు.

ఆ ఫైలు ఏ సాఫ్ట్‌వేర్‌దో దాన్నే రిపేర్ చేయండి. అడోబ్ రీడర్ అయితే హెల్ప్ మెనూలో ‘రిపేర్ ఇన్‌స్టలేషన్’ ఉంటుంది. కాగితానికి బదులు పీడీఎఫ్ ఫైలుగా ప్రింట్ చేసే ‘మైక్రోసాఫ్ట్ ప్రింట్ టు పీడీఎఫ్’ మొరాయిస్తే విండోస్ ఫీచర్స్‌లో దాని టిక్ తీసి, రీస్టార్ట్ చేసి, మళ్ళీ పెట్టండి. ప్రింటర్‌ను నడిపే సాఫ్ట్‌వేర్, అంటే డ్రైవర్‌దైతే, ఆ ప్రింటర్ కంపెనీ సైటు నుంచే డ్రైవర్ తెచ్చి మళ్ళీ వేసుకోండి.

రేపు పరీక్ష, హాల్‌టికెట్ ఇప్పుడే కావాలంటే అదే పీడీఎఫ్‌ను క్రోమ్‌లో తెరిచి ప్రింట్ ఇవ్వండి. పీడీఎఫ్‌లు తెరవడానికి క్రోమ్‌లోనే పీడీఎఫియం అనే సొంత లైబ్రరీ (కోడు) ఉంది, రీడర్ ఫైళ్ళతో దానికి పనిలేదు.

తెలుగు ఒత్తులు చెదిరి ప్రింటవుతుంటే అది వేరే తంటా, సాధారణంగా ఫాంటుది. దానికి రీడర్ ప్రింట్ విండోలో అడ్వాన్స్‌డ్ నొక్కి ‘ప్రింట్ యాజ్ ఇమేజ్’ ఎంచుకుని చూడండి.