క్వాష్ పిటిషన్: హైకోర్టు ముందు ఏం చూపాలి, ఎలా దాఖలు చేయాలి

తప్పుడు కేసు పెట్టారని తెలియగానే చాలామంది తాము నిర్దోషులమని చెప్పే సాక్ష్యాలు పోగుచేయడం మొదలుపెడతారు. విచారణలో అవి కావాలి. కేసునే కొట్టివేయాలని (క్వాష్ చేయాలని) హైకోర్టును అడిగేటప్పుడు మాత్రం ముందుగా చదవవలసింది ఎదుటివారి ఫిర్యాదు. అందులో రాసిందంతా నిజమే అనుకున్నా నేరం అవుతుందా? కాదని తేలితే మీ పిటిషన్‌కు బలం ఉన్నట్టే.

ఉదాహరణకు ఒక వరకట్న వేధింపుల ఫిర్యాదు తీసుకుందాం. నాలుగో నిందితురాలు వేరే ఊళ్లో కాపురముంటున్న ఆడపడుచు. నాలుగు పేజీల ఫిర్యాదులో ఆమె గురించి ఉన్నది ఒకే వాక్యం: ‘ఆమె కూడా వారికి వంత పాడింది.’ ఏ రోజు, ఎక్కడ, ఏమన్నదో లేదు. ఇలాంటి గంపగుత్త ఆరోపణలపై నడిచిన తెలంగాణ కేసును 2024 డిసెంబరులో సుప్రీంకోర్టు కొట్టివేసింది. నిజంగా హింసకు గురైన మహిళ మౌనంగా ఉండాలని తమ ఉద్దేశం కాదని అదే తీర్పులో స్పష్టం చేసింది. ఆ మాట మరవకూడదు.

కొట్టివేతకు తగిన ఏడు రకాల సందర్భాలను భజన్‌లాల్ కేసులో 1990లో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు చెప్పింది. పగ తీర్చుకోవడానికి దురుద్దేశంతో పెట్టిన కేసు వాటిలో ఒకటి. అప్పు తీర్చలేదనో, ఒప్పుకున్న స్థలం రిజిస్ట్రేషన్ చేయలేదనో పెట్టే మోసం కేసుల్లో, మొదటి నుంచీ మోసగించే ఉద్దేశం ఉందని ఫిర్యాదులో కనిపించాలి. లేకపోతే అది సివిల్ తగాదా.

ఈ అధికారం హైకోర్టుకే ఉంది, మేజిస్ట్రేటుకు లేదు. సెక్షన్ దగ్గర జాగ్రత్త పడాలి. పాత నేర విచారణ చట్టం సీఆర్‌పీసీలో క్వాష్‌కు 482వ సెక్షన్ ఉండేది. దాని స్థానంలో 2024 జులై 1న అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితలో అది 528 అయింది. కొత్త చట్టంలో 482 అంటే ముందస్తు బెయిలు.

మీరు ఎక్కడ ఉంటున్నా సాధారణంగా ఎఫ్‌ఐఆర్ నమోదైన రాష్ట్ర హైకోర్టుకే వెళ్లాలి: తెలంగాణ కేసైతే హైదరాబాద్, ఆంధ్రప్రదేశ్ కేసైతే అమరావతి. క్రిమినల్ పిటిషన్‌లో ప్రభుత్వాన్ని, ఫిర్యాదుదారును ప్రతివాదులుగా చేర్చాలి. ఎఫ్‌ఐఆర్, ఫిర్యాదు ప్రతులు, దాఖలై ఉంటే ఛార్జిషీటు, అఫిడవిట్, వకాలత్‌నామా (లాయరుకు అధికారమిచ్చే పత్రం), తెలుగు పత్రాలకు ఇంగ్లీషు అనువాదం జతచేయాలి. సున్నితమైన కేసులు తప్ప మిగతా ఎఫ్‌ఐఆర్‌లు పోలీసు వెబ్‌సైటులో దొరుకుతాయి. మీ తరఫున ఎదుటివారు కాదనలేని పత్రాలే పెట్టండి: రిజిస్టరు దస్తావేజు, పాత కోర్టు ఉత్తర్వు వంటివి. వాట్సాప్ సంభాషణల కట్టలు చేరిస్తే, అవి విచారణలో తేల్చుకోవలసినవి అన్న జవాబు రావచ్చు. హైకోర్టు కార్యాలయం (రిజిస్ట్రీ) అభ్యంతరాలతో కాగితాలు తిప్పి పంపితే సరిదిద్ది మళ్లీ ఇవ్వాలి.

పిటిషన్ తేలేదాకా కేసును నిలిపివేసే స్టే కోసం వేరే దరఖాస్తు పెట్టాలి. అది దానంతట అది రాదు. అరెస్టు వద్దంటూ యాంత్రికంగా ఉత్తర్వులు ఇవ్వకూడదని 2021లో సుప్రీంకోర్టు హైకోర్టులకు చెప్పింది. కాబట్టి పిటిషన్ వేశామన్న ధీమాతో పోలీసులు హాజరు కమ్మంటూ కొత్త చట్టం 35(3) సెక్షన్ కింద ఇచ్చే నోటీసుకు హాజరు కాకుండా ఉండకండి. అరెస్టు భయం ఉంటే ముందస్తు బెయిలు విడిగా అడగాలి.

ఇరుపక్షాలు రాజీపడితే ఆ కారణంతోనూ క్వాష్ కోరవచ్చు. కుటుంబ, ఆర్థిక తగాదాల్లో ఇది సాధ్యం. హత్య, అత్యాచారం వంటి వాటిలో కాదు.

లాయరును పెట్టుకునే స్తోమత లేనివారు 15100కు ఫోను చేసి ఉచిత న్యాయసహాయం అడగవచ్చు. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేదు.

హైకోర్టు మీ పిటిషన్‌ను తిరస్కరించినంత మాత్రాన మీరు దోషి అయినట్టు కాదు. కింది కోర్టులో డిశ్చార్జి (విచారణకు ముందే కేసు నుంచి విడుదల) అడిగే దారి ఉంటుంది. వారంట్ కేసుల్లో (రెండేళ్లకు మించి శిక్ష పడగల నేరాల్లో) పోలీసు పత్రాల ప్రతులు అందిన 60 రోజుల్లోగా ఆ దరఖాస్తు వేయాలి. అందుకే ప్రతులు చేతికొచ్చిన తేదీని ఫైలు అట్ట మీదే రాసి పెట్టుకోండి.