మల్టిప్లిసిటీ ఎలా కనుక్కోవాలి

పాలినామియల్‌కి రూట్ (దాన్ని సున్నా చేసే ఎక్స్ విలువ) దొరికింది సరే, అది ఎన్నిసార్లు వచ్చిందో (అదే మల్టిప్లిసిటీ) చూడాలంటే ఫ్యాక్టర్లు విడగొట్టక్కర్లేదు, సున్నా రాకుండా పోయేదాకా డెరివేటివ్ తీస్తూ పోండి చాలు. ఎక్స్ క్యూబ్ మైనస్ 3ఎక్స్ ప్లస్ 2 తీసుకోండి, ఎక్స్ బదులు 1 పెడితే సున్నా, మొదటి డెరివేటివ్ 3ఎక్స్ స్క్వేర్ మైనస్ 3, అందులో పెట్టినా సున్నానే, రెండోది 6ఎక్స్, అక్కడ 6 వచ్చేసింది, ఇక ఆపేయండి, రెండోదాంట్లో ఆగాం కాబట్టి 1కి మల్టిప్లిసిటీ 2. మైనస్ 2 కూడా రూటే కానీ మొదటి డెరివేటివ్‌లోనే 9 వస్తుంది, సో దానికి 1. గ్రాఫ్‌లో 1 దగ్గర కర్వ్ యాక్సిస్‌ని తాకి వెనక్కి తిరుగుతుంది, మైనస్ 2 దగ్గర దాటేస్తుంది (ఎగ్జామ్‌లో ఇదే ఫాస్ట్ చెక్).

కెమిస్ట్రీలో మల్టిప్లిసిటీ అంటే స్పిన్ మల్టిప్లిసిటీ, దాని లెక్కే వేరు. జత లేని ఎలక్ట్రాన్లన్నీ ఒకే స్పిన్‌లో ఉంటే వాటి సంఖ్యకి 1 కలపండి. ఆక్సిజన్ మాలిక్యూల్‌కి అలాంటివి రెండు, అందుకే 3, అంటే ట్రిప్లెట్. లూయిస్ స్ట్రక్చర్‌లో (బాండ్లని గీతలతో, ఎలక్ట్రాన్లని చుక్కలతో చూపే బొమ్మలో) వెతికితే మాత్రం అవి కనపడవు, మాలిక్యులర్ ఆర్బిటల్ డయాగ్రమ్ (మాలిక్యూల్ మొత్తానికి ఎలక్ట్రాన్లు ఏ ఎనర్జీ లెవెల్లో ఉన్నాయో చూపే బొమ్మ) వేయాల్సిందే.