మెడికల్ షాపు లైసెన్సు రద్దు చేస్తామని నోటీసు వస్తే ఏం చేయాలి

డ్రగ్స్ కంట్రోల్ ఆఫీసు నుంచి షోకాజ్ నోటీసు రాగానే టెన్షన్‌లో చాలామంది షాపు యజమానులు తెలిసినవాళ్లను వెంటబెట్టుకుని ఆఫీసుకు పరుగెత్తుతారు, లేదంటే "పొరపాటు జరిగింది, ఇకమీదట జరగదు, క్షమించగలరు" అని రెండు లైన్లు రాసిచ్చి వస్తారు. దయచేసి ఆ రెండు లైన్లు రాయకండి. తప్పంతా ఒప్పుకున్నట్టు అది ఫైల్లో ఉండిపోతుంది, రేపు అప్పీలుకు వెళ్లినా హైకోర్టుకు వెళ్లినా మీకు అడ్డం వచ్చేది ఆ కాగితమే.

ముందు 1945 నాటి డ్రగ్స్ రూల్స్‌లో 66వ రూల్ తెచ్చుకుని చదవండి, చిన్నదే. లైసెన్సు రద్దు చేయాలన్నా, కొన్నాళ్లు సస్పెండ్ చేయాలన్నా లైసెన్సింగ్ అథారిటీ మొదట మీ సంజాయిషీ అడగాలి, తర్వాత కారణాలు చూపిస్తూ రాతపూర్వకంగా ఆర్డర్ ఇవ్వాలి. తనిఖీకి వచ్చిన డ్రగ్ ఇన్‌స్పెక్టర్ నోటిమాటగా "నీ లైసెన్సు పోయింది, షట్టర్ దించు" అంటే లైసెన్సు రద్దయిపోదు.

ఇక నోటీసు చేతిలో పట్టుకుని కూర్చోండి. ఏ తేదీన తనిఖీ చేశారు, ఏ మందు, ఏ బ్యాచ్, ఏ బిల్లు, ఏ రూల్ తప్పారంటున్నారు, ఏ చర్య తీసుకోబోతున్నారు, ఇవన్నీ అందులో ఉండాలి. "మీరు నిబంధనలు ఉల్లంఘించారు, ఎందుకు చర్య తీసుకోరాదో తెలపండి" అని మాత్రమే ఉంటే దానికి ఎవరూ సరైన జవాబు రాయలేరు, ఆ మాటే మొదటి పేరాలో రాయండి. ఇంకోటి, నోటీసులోనే "మీ తప్పు రుజువైంది" అని తేల్చేసి ఆ తర్వాత సంజాయిషీ అడుగుతుంటారు. ముందే మనసులో తీర్పు చెప్పేసుకుని ఇచ్చే అలాంటి నోటీసు చెల్లదని ఓరిక్స్ ఫిషరీస్ కేసులో సుప్రీంకోర్టు 2010లో స్పష్టంగా చెప్పింది. అది రొయ్యలూ చేపల ఎగుమతిదారు రిజిస్ట్రేషన్ రద్దు చేసిన వ్యవహారం, కానీ సూత్రం మందుల షాపుకీ అదే.

జవాబు రాసే ముందు కాగితాలు అడగండి: తనిఖీ రిపోర్టు, పంచనామా, శాంపిల్ తీసుకుని ఉంటే ల్యాబ్ రిపోర్టు. అవి అందాక జవాబు ఇస్తామని, గడువు పెంచమని, స్వయంగా వచ్చి చెప్పుకునే అవకాశం కావాలని అదే ఉత్తరంలో రాసి, ఆఫీసు ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకోండి, కుదరకపోతే స్పీడ్ పోస్టులో పంపి రశీదు దాచండి. గడువు పెంచుతూ జవాబు రాకపోతే మాత్రం పాత గడువు దాటనివ్వకుండా, చేతిలో ఉన్నదాంతోనే సంజాయిషీ ఇచ్చేయాలి.

మీ షాపులో ఫారం 35 ఇన్‌స్పెక్షన్ బుక్ ఉంటుంది కదా, దాన్ని బయటికి తీయండి. ఆ రోజు ఇన్‌స్పెక్టర్ అందులో రాసింది ఒక పక్క, నోటీసులో ఉన్నది ఇంకో పక్క పెట్టుకుని లైను లైను పోల్చండి. పుస్తకంలో "ఫార్మసిస్ట్ లేరు" అని ఒక్క మాట ఉండి, నోటీసులో మాత్రం షెడ్యూల్ హెచ్1 రిజిస్టర్ (కొన్ని యాంటీబయాటిక్స్ లాంటి మందుల అమ్మకాలు విడిగా రాసే పుస్తకం) లేదనీ, బిల్లులు లేవనీ కొత్తగా చేరితే ఆ తేడాను ఎత్తిచూపండి. రిజిస్టర్ ఉంటే ఆ పేజీల జిరాక్స్ జతచేయండి. ఆరోపణకొక జవాబు, జవాబుకొక కాగితం.

తప్పు పనివాడు చేసి ఉంటే 66వ రూల్‌లోనే ఒక వెసులుబాటు ఉంది, దీన్ని చాలామంది వాడుకోరు. అది మీ ప్రోద్బలంతో జరగలేదనీ, అంతకుముందు 12 నెలల్లో అలాంటిది జరగలేదనీ, మీ వంతు జాగ్రత్త మీరు తీసుకున్నారనీ ఆధారాలతో చూపించాలి. మందు నాసిరకం అని రిపోర్టు వస్తే, లైసెన్సున్న డిస్ట్రిబ్యూటర్ దగ్గర బిల్లుతో కొన్నామని, చెప్పిన ఉష్ణోగ్రతలోనే భద్రపరిచామని రాయండి. ఆ రిపోర్టును సవాలు చేయాలనుకుంటే అది అందిన 28 రోజుల్లోగా రాతపూర్వకంగా చెప్పాలి, ఆ గడువు డ్రగ్స్ అండ్ కాస్మెటిక్స్ చట్టంలోనే ఉంది.

తప్పు నిజంగా జరిగి ఉంటే అబద్ధం రాయొద్దు. ఫార్మసిస్ట్ సర్టిఫికెట్ గోడకు తగిలించి, మనిషి ఏడాదంతా వేరే ఊళ్లో ఉంటే ఏ నోటీసు లోపమూ మిమ్మల్ని ఎక్కువకాలం కాపాడదు, కాపాడకూడదు కూడా, అక్కడ మందులు మింగేది జనం. ఇప్పుడు ఎవరిని పెట్టారో, ఏం సరిచేశారో చెప్పి, శిక్ష తప్పుకు తగ్గట్టు ఉండాలని అడగండి. రద్దుకు బదులు సస్పెన్షన్ ఇవ్వొచ్చు, అదీ మొత్తం షాపుకు కాకుండా కొన్ని మందుల వరకే పరిమితం చేయొచ్చని రూల్‌లోనే ఉంది, కాబట్టి అది అడగడానికి మొహమాటపడక్కర్లేదు.

ఆర్డర్ వచ్చాక మొదట చూడాల్సింది, మీ సంజాయిషీలోని అంశాలకు అందులో జవాబుందా లేదా. "సంజాయిషీ సంతృప్తికరంగా లేదు" అని ఒక్క వాక్యంతో కొట్టేస్తే దాన్ని కారణం అనరు. నోటీసులో లేని ఆరోపణ మీద రద్దు చేసినా అన్యాయమే. కారణాలు ఆర్డర్‌లోనే ఉండాలి, తర్వాత కోర్టులో అఫిడవిట్ వేసి కొత్తవి చేర్చడం కుదరదని మోహిందర్ సింగ్ గిల్ కేసులో సుప్రీంకోర్టు ఎప్పుడో 1977లోనే చెప్పింది.

ఆర్డర్ తేదీ నుంచి 3 నెలల్లోగా రాష్ట్ర ప్రభుత్వానికి అప్పీలు చేయాలి, తెలంగాణలోనైనా ఆంధ్రప్రదేశ్‌లోనైనా అది వైద్య ఆరోగ్య శాఖకు వెళ్తుంది. తేదీ లెక్క ఆర్డర్ మీదున్న తేదీ నుంచే వేసుకోండి, మీకు అందిన రోజు నుంచి కాదు. అప్పీలుతో పాటే స్టే పిటిషన్ కూడా పెట్టండి, ఎందుకంటే అప్పీలు వేసినంత మాత్రాన రద్దు ఆగదు. స్టే రాకముందే షాపు తెరిచి అమ్మితే లైసెన్సు లేకుండా అమ్మినట్టే, ఆ నేరానికి 3 నుంచి 5 ఏళ్ల జైలు ఉంది. అసలు నోటీసే ఇవ్వకుండా రద్దు చేస్తే మాత్రం అప్పీలు దాకా ఆగకుండా నేరుగా హైకోర్టులో రిట్ వేయొచ్చు. లాయర్ దగ్గరికి వెళ్లేటప్పుడు నోటీసు వచ్చిన కవరు కూడా తీసుకెళ్లండి, దాని మీదున్న పోస్టు ముద్ర తేదీ పనికొస్తుంది.