ఇంట్లోనే తాయ్ చీ: కాళ్లకు నిలకడ తెచ్చుకోవడం ఎలా?

వానలు మొదలయ్యాక ఇందిరా పార్కులో జారిపడతానేమోనని మా అమ్మ నడక మానేసింది. కొన్నాళ్లకే బాత్రూమ్ గడప దాటడానికి గోడ పట్టుకోవలసి వచ్చింది. అప్పుడే ఇంట్లో ఈ సాధన మొదలుపెట్టాం.

తాయ్ చీ చైనాలో పుట్టిన యుద్ధవిద్య. 2020లో యునెస్కో వారసత్వ జాబితాలో చేరింది. అందులోని పూర్తి వరుసలకు గురువు కావాలి. కానీ ఒంటి బరువును ఒక కాలి మీది నుంచి మరో కాలి మీదికి ఎరుకతో మార్చడం మాత్రం ఎవరైనా ఇంట్లో నేర్చుకోవచ్చు. నిలకడకు అదే ప్రాణం.

ముందు చోటు చూసుకోండి. నున్నటి టైల్స్ మీద సాక్సులు వద్దు, ఒట్టి పాదాలే మేలు. అరికాలికి నేల తెలియాలి. చేతికందే దూరంలో గోడ గానీ వంటగట్టు గానీ ఉండాలి. తేలికైన ప్లాస్టిక్ కుర్చీని నమ్ముకోవద్దు.

పాదాల మధ్య భుజాలంత ఎడం ఉంచి, మోకాళ్లు కొద్దిగా సడలించి నిలబడండి. ఒక బిందెలోని నీళ్లు మరో బిందెలోకి వంపుతున్నట్టు, బరువంతా మెల్లగా ఎడమ కాలిలోకి నింపండి. కుడి కాలు ఖాళీ అయిందో లేదో తెలియాలంటే దాని మడమ ఎత్తి చూడండి. ఒళ్లు ఊగకుండా లేచిందా, ఖాళీ అయినట్టే. ఊగితే బరువు ఇంకా అక్కడే ఉంది. అమ్మ మొదట్లో నడుము పక్కకు వంచి, బరువు మారిందనుకునేది. తల, భుజాలు నిటారుగా ఉండాలి, తుంటి జరగాలి. ఈ ఒక్కటి కుదరడానికి ఆమెకు వారం పట్టింది. తొందరపెట్టకపోవడమే మంచిదైంది.

తర్వాత అడుగు. ఖాళీ కాలి మడమను ముందుకు ఆనించండి, పాదం పరచండి, ఆ తర్వాతే బరువు పంపండి. మామూలు నడకలో ఒళ్లు ముందుకు ఒరిగాక కాలు వెళ్లి ఆపుతుంది. ఇక్కడ కాలు కుదురుకున్నాకే ఒళ్లు కదులుతుంది. మోకాలు కాలివేళ్లను దాటి ముందుకు రాకూడదు, లోపలికి వాలకూడదు.

చేతులు చివర. ఊపిరి పీలుస్తూ భుజాల ఎత్తుకు లేపి, వదులుతూ దించండి.

తల తిరిగే వారు, ఈమధ్య పడినవారు, మోకాలి ఆపరేషన్ అయినవారు ముందు డాక్టరును అడగాలి. మోకాలు నొప్పి పుడితే అక్కడితో ఆపాలి.

రోజుకు పది నిమిషాలు చాలు. అమ్మ పొద్దున కుక్కర్ పెట్టి, విజిల్స్ వచ్చేదాకా గట్టు పక్కనే చేస్తుంది.