గుండె మీద తప్పెట, పిడికిట్లో కుంచె

ప్రత్యేక అవసరాల పిల్లల బడిలో తాళం నేర్పాలంటే విజయనగరం, శ్రీకాకుళం వైపు తప్పెటను మించిన వాయిద్యం లేదు. తప్పెటగుళ్ళు అనే జానపద నృత్యం చేసే కళాకారులు ఈ గుండ్రటి వాయిద్యాన్ని గుండె మీద కట్టుకుని వాయిస్తారు. అందుకే వినపడని పిల్లలకు కూడా దెబ్బ ఛాతీలో తెలుస్తుంది.

చిన్న తప్పెట తీసుకోండి. బరువంతా మెడ మీద పడకుండా రెండు భుజాల మీదుగా వెడల్పాటి గుడ్డపట్టీ వేయండి. మొదట కూర్చునే వాయించాలి: రెండు దెబ్బలు, రెండు లెక్కల ఖాళీ. ఖాళీ రాగానే మీరు రెండు చేతులూ పైకెత్తండి. ఆ సైగ లేకపోతే వినపడని పిల్లలకు ఎక్కడ ఆపాలో తెలీదు. ఆగడం వచ్చాకే గజ్జెలు, అడుగులు. సెరిబ్రల్ పాల్సీ (మెదడు లోపం వల్ల కండరాల మీద అదుపు తగ్గడం) ఉన్న పిల్లలకు మాత్రం ఛాతీకి కట్టొద్దు, బరువుకి ముందుకు వంగిపోవచ్చు. బల్ల మీద తడిగుడ్డ పరిచి దానిపై పెట్టండి, జారదు. ఆటిజం ఉన్నవాళ్ళలో కొందరు ఆ మోత భరించలేరు. చెవులు మూసుకుంటే మొండితనం అనుకోకండి. గుమ్మం దగ్గర కూర్చోబెట్టి, తప్పెట మీద తువ్వాలు వేసి మెల్లగా మొదలుపెట్టండి. డౌన్ సిండ్రోమ్ పిల్లలతో పిల్లిమొగ్గలు, ఒకరి మీద ఒకరు ఎక్కే విన్యాసాలు వద్దు. వాళ్ళలో కొందరికి మెడ పైభాగంలో ఎముకల కీలు వదులుగా ఉంటుంది, వెన్నుపాము నొక్కుకుపోవచ్చు.

బొమ్మలకు సీతంపేట వైపు సవర గిరిజనుల పద్ధతి చూడండి: ఎర్రమట్టి గోడ మీద తెల్లని బియ్యప్పిండి గీతలు. చూపు మందగించిన పిల్లలకు ఆ ఎరుపు-తెలుపు తేడా బాగా కనబడుతుంది. అట్టకు ఎర్రమట్టి పూసి ఆరనివ్వండి. నాలుగు చెంచాల బియ్యప్పిండి, నాలుగు చెంచాల నీళ్ళు, ఒక చెంచా తెల్ల గమ్ము కలపండి. గమ్ము లేకపోతే ఆరాక పొడిగా రాలిపోతుంది. అయితే ఏదైనా నోట్లో పెట్టుకునే పిల్లలకు గమ్ము కలపకండి, రాలితే రాలనివ్వండి.

కుంచె పిడికి పాత సైకిల్ ట్యూబు ముక్క చుట్టి పిడికిలి నిండేలా చేయండి. బల్ల మోచేతి ఎత్తులో ఉండాలి. కాళ్ళు నేలకు అందకపోతే కింద పీట వేయండి, కాళ్ళు వేలాడుతుంటే చేతికి నిలకడ ఉండదు.

బొమ్మలు ఎక్కువగా పాడయ్యేది పిల్లల వేళ్ళు పట్టి గీయించడం వల్లే. అప్పుడది మీ గీత. మనసులో పది అంకెలు లెక్కపెట్టి ఆగండి. అప్పటికీ కదలకపోతే మోచేతి కింద ఆసరా ఇవ్వండి, అంతే.

వార్షికోత్సవం కోసం బొమ్మల్ని దిద్దకండి. గీసింది గీసినట్టే, వెనక పేరు, తేదీ వేసి దాచండి. మూడు నెలల కిందటి గీత పక్కన పెడితే పట్టు ఎంత మారిందో థెరపిస్టుకు చూపించొచ్చు.