పండుగ నెలలు రాకముందే: స్టేట్‌మెంట్‌లో తెలియని దుకాణం పేరు కనిపిస్తే

తిరుపతిలో దుకాణం పేరు విని అది ఏ దుకాణమో చెప్పడం కష్టం. గాంధీ రోడ్డులో ఈ చివర నుంచి ఆ చివరకు నడిస్తే బాలాజీ, శ్రీనివాస, పద్మావతి, వేంకటేశ్వర అనే నాలుగు పేర్లనే బోర్డులన్నీ పంచుకున్నట్టుంటాయి. అలాంటి ఊళ్లో బ్యాంకు స్టేట్‌మెంట్‌లో సగంలో తెగిపోయిన ఒక బాలాజీ పేరు, పక్కన నాలుగు వేల పైచిలుకు రూపాయలు కనిపిస్తే ఏ బాలాజీ అని వెతుక్కోవాలి?

బ్రహ్మోత్సవాలు మొదలుకొని దసరా, దీపావళి, కార్తీకంలో తిరుచానూరు పంచమి తీర్థం దాకా మన ఇళ్లకు చుట్టాల రాక ఆగదు. వచ్చినవాళ్లకు బట్టలు, పిల్లలకు బొమ్మలు, ఇంటికి సరుకులు, మధ్యలో ఆటోలు, టిఫిన్లు. అన్నిటికీ ఒకటే ఖాతా. నెలాఖరుకు ఆ ఖాతా స్టేట్‌మెంట్ చూస్తే అది మన ఇంటిదేనా అని అనుమానం వస్తుంది. అందుకే ఇవన్నీ మొదలుకాకముందే రాస్తున్నాను.

ఒకసారి బ్రహ్మోత్సవాలప్పుడు నా ఖాతాలో 4,260 రూపాయలు చెన్నై ఊరి పేరుతో, ఎన్నడూ వినని ఒక ట్రేడర్స్ పేరు మీద కట్టయ్యాయి. నేను ఆ వారం చెన్నై పోలేదు. వెంటనే కార్డు బ్లాక్ చేయించి, మోసం అని కంప్లయింట్ ఇచ్చేశాను. రెండు రోజుల తర్వాత మా ఆవిడ ఉతకడానికి తీసిన చొక్కా జేబులో స్లిప్పు దొరికింది. మా బావమరిదికి పట్టుపంచె కొన్న ఇక్కడి దుకాణమే అది. వెళ్లి అడిగితే గల్లాలో కుర్రాడు, "అది మా సారువాళ్ల కంపెనీ పేరు సామీ, ఆఫీసు మద్రాసులో" అన్నాడు తాపీగా. కంప్లయింట్ వెనక్కి తీసుకున్నాను గానీ కొత్త కార్డు వచ్చేసరికి పండుగ అయిపోయింది.

మా వీధిలో ఒకాయన దీనికి సరిగ్గా తిరగేసి చేశాడు. తెలియని పేరుతో డబ్బులు పోతే "మావాడు ఏదో కొనుంటాడులే" అని నెలరోజులు ఊరుకున్నాడు. కొడుకును అడిగేసరికి బ్యాంకుకు చెప్పాల్సిన గడువు దాటిపోయింది. నా తొందరకు ఒక కార్డు పోయింది, ఆయన నిదానానికి డబ్బే పోయింది. తొందరే నయం. కానీ ఒక్క సాయంత్రం కూర్చుని వెతికితే రెండూ తప్పుతాయి.

ముందే చేసి పెట్టుకోవాల్సినవి

మొదటిది, బ్యాంకులో ఇప్పుడు వాడుతున్న ఫోన్ నంబరే ఉందో లేదో చూసుకోండి. స్టేట్‌మెంట్‌లో తరచుగా తేదీ మాత్రమే ఉంటుంది. గంట, నిమిషం తెలిసేది మెసేజ్‌లోనే. సాయంత్రం 7.40కి కట్టయిందని తెలిస్తే ఆ వేళకు ఎక్కడున్నామో సగం గుర్తొస్తుంది. ఈ మూడు నెలలూ బ్యాంకు మెసేజ్‌లు డిలీట్ చేయకండి.

రెండోది కార్డు సెట్టింగులు. బ్యాంకు యాప్‌లో ఆన్‌లైన్ వాడకం, విదేశీ వాడకం, తాకించి చెల్లించడం వేటికవి ఆపుకునే వీలు 2020 అక్టోబరు నుంచి ఉంది. విదేశాలకు పోనివాళ్లకు విదేశీ వాడకంతో పనేముంది, ఆపేయండి. తాకిస్తే చాలు అనే కార్డుల్లో 5,000 రూపాయల దాకా పిన్ అడగదు. రథోత్సవం జనంలో పర్సు జారిపోతే ఏమవుతుందో ఊహించుకుంటే చాలు, దాన్నీ ఆపేస్తారు.

చేతనైతే పండుగ ఖర్చుకు వేరే ఖాతా ఒకటి పెట్టుకుని, అవసరమైనంతే అందులో వేసుకోండి. ఇక స్లిప్పుల సంగతి. ఆ కాగితం మీది అక్షరాలు కొన్నాళ్లకే వెలిసిపోతాయి, ఫొటో తీసుకోవాలి. వెనక పెన్నుతో బోర్డు మీది పేరు, ఏం కొన్నామో రాసుకోవాలి. మా ఇంట్లో క్యాలెండరు మేకుకు పాత శుభలేఖ కవరు ఒకటి వేలాడుతుంటుంది, స్లిప్పులన్నీ అందులోకే.

దుకాణంలో కార్డు వాళ్ల చేతికిచ్చి లోపలికి పంపకండి, మిషన్ మన దగ్గరికే రావాలి. మొత్తం ఎంతో చూశాకే పిన్ కొట్టాలి. ఫెయిల్ అయిందంటే వెంటనే మళ్లీ గీకవద్దు. ముందు మన ఫోన్‌కు మెసేజ్ వచ్చిందేమో చూడండి. డబ్బు కట్టయి దుకాణానికి అందకపోతే, ఆ రోజు కాక 5 రోజుల్లో బ్యాంకు దానంతటదే తిరిగి వేయాలి. ఆలస్యమైతే రోజుకు 100 రూపాయలు కలిపి ఇవ్వాలి. ఇది 2019 నుంచి ఉన్న రిజర్వు బ్యాంకు నిబంధన. చాలామంది అడగరు గనుక బ్యాంకులో ఎవరూ గుర్తుచేయరు.

ఆ పేరు ఎవరిదో ఎలా పట్టుకోవాలి

బోర్డు మీది పేరు, మిషన్‌లో నమోదైన పేరు ఒకటే కానక్కర్లేదు. యజమాని సొంత పేరో, కంపెనీ పేరో వస్తుంది. ఊరు కూడా ఆఫీసున్న ఊరు కావచ్చు. ఆన్‌లైన్‌లో కొంటే మధ్యలో డబ్బు వసూలు చేసిపెట్టే రేజర్‌పే, పేయూ, బిల్‌డెస్క్ లాంటి పేర్లు కనిపించవచ్చు. పూలమ్మే అక్క దగ్గర స్కాన్ చేస్తే ఆమె కొడుకు పేరు పడుతుంది.

కాబట్టి పేరును వదిలేసి మొత్తాన్ని, వేళను పట్టుకోండి. యూపీఐ అయితే ఆ వరుసలో 12 అంకెల నంబరు ఉంటుంది. దాన్ని ఫోన్‌లోని యాప్ హిస్టరీతో పోల్చండి. క్రెడిట్ కార్డులో కొన్న రోజు ఒకటి, ఖాతాలోకి ఎక్కిన రోజు ఇంకొకటి ఉండొచ్చు, రెండు మూడు రోజులు అటూ ఇటూ చూడండి. 149, 299 లాంటి మొత్తం నెలనెలా అదే తేదీకి పోతుంటే అది దొంగతనం కంటే ఎప్పుడో ఒప్పుకున్న ఆటోపే (దానంతటదే డబ్బు కట్టయ్యే ఏర్పాటు) అయ్యే అవకాశమే ఎక్కువ. యాప్‌లో ఆటోపే జాబితా తెరిస్తే దొరుకుతుంది, అక్కడే రద్దు చేయొచ్చు. ఒక రూపాయి, రెండు రూపాయల తెలియని కోతను మాత్రం చిన్నదని వదలకండి. కార్డు పనిచేస్తుందో లేదో దొంగలు అలా చూసుకుంటారు.

ఇంట్లో అందరినీ అడగండి, ఊరెళ్లిపోయిన చుట్టాలతో సహా. పడుకునే వేళకు తేలకపోతే ఇక వెతుకులాట ఆపి, బ్యాంకుకు చెప్పేయాల్సిందే.

బ్యాంకుకు చెప్పేటప్పుడు

తప్పు మీది కాదు, బ్యాంకుదీ కాదు, మధ్యలో ఎవరో కాజేశారు అన్నప్పుడు, బ్యాంకు నుంచి సమాచారం అందిన 3 పనిదినాల్లోపు చెబితే మీకు నష్టం ఉండకూడదు. 4 నుంచి 7 పనిదినాల మధ్య చెబితే మామూలు సేవింగ్స్ ఖాతాకు ఒక్కో లావాదేవీకి 10,000 రూపాయల దాకా మీ నెత్తిన పడొచ్చు. 7 దాటితే ఆ బ్యాంకు పాలసీ ఎలా ఉంటే అలా. రిజర్వు బ్యాంకు 2017 జులై 6న ఇచ్చిన ఉత్తర్వు ఇది. మీ బ్రాంచికి సెలవైన రోజులు లెక్కలోకి రావు. అలాగని దసరా సెలవుల భరోసాతో కూర్చోకండి, కంప్లయింట్ లైన్ రాత్రీ పగలూ పనిచేస్తుంది.

మీరే ఓటీపీ చెప్పి ఉంటే, బ్యాంకుకు తెలిపేదాకా పోయినదంతా మీదే. పిల్లాడికి పిన్ చెప్పి దుకాణానికి పంపినా "నేను చేయలేదు" అన్న మాట నిలబడదు.

నంబరు కార్డు వెనక ఉన్నదే వాడండి. గూగుల్‌లో కస్టమర్ కేర్ అని వెతికి ఫోన్ చేస్తే, పోయిన నాలుగు వేలు చెప్పుకోబోయి నలభై వేలు పోగొట్టుకునే ప్రమాదముంది. మోసమని గట్టిగా తోస్తే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి కూడా వెంటనే ఫోన్ చేయండి.

మాట తేడా లేకుండా చెప్పడం ముఖ్యం. కొన్నది మీరే, కానీ రెండుసార్లు కట్టయింది, లేదా సరుకు రాలేదు అంటే అది ఒక రకం ఫిర్యాదు. ముందు స్లిప్పు పట్టుకుని దుకాణానికి వెళ్లండి, చాలావరకు అక్కడే తేలుతుంది. అసలు మీరు చేయనే లేదంటే అది వేరే రకం. మొదటిదాన్ని రెండోదిగా చెబితే పిన్ కొట్టిన రికార్డు చూపించి కొట్టేస్తారు. రాతపూర్వకంగా ఇంతే చాలు: "చివరి 4 అంకెలు ఫలానా అయిన నా కార్డు నుంచి ఫలానా తేదీన, ఫలానా పేరుతో ఇన్ని రూపాయలు పోయాయి. ఈ లావాదేవీ నేను చేయలేదు, కార్డు నా దగ్గరే ఉంది, పిన్ గానీ ఓటీపీ గానీ ఎవరికీ చెప్పలేదు. దుకాణం వివరాలు తెలిపి సొమ్ము తిరిగి జమచేయగలరు." ఫిర్యాదు నంబరు తీసుకోకుండా కౌంటరు వదలొద్దు.

అనధికార లావాదేవీ అయితే చెప్పిన 10 పనిదినాల్లో ఆ మొత్తాన్ని తాత్కాలికంగా ఖాతాలో వేయాలి, 90 రోజుల్లో తేల్చాలి. తప్పు మీదేనని నిరూపించే భారం బ్యాంకుదే. రాసిచ్చిన 30 రోజుల దాకా జవాబు లేకపోయినా, వచ్చిన జవాబు నచ్చకపోయినా బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు ఆన్‌లైన్‌లో ఉచితంగా ఫిర్యాదు చేయొచ్చు. ఎలాగో చెప్పడానికి 14448 నంబరు ఉంది.

కార్డు బ్లాక్ చేయించినవాళ్లకు ఇంకొక్క మాట. ఆ కార్డు మీద ఇన్సూరెన్స్ ప్రీమియమో, ఫోన్ బిల్లో తనంతట తాను కట్టుకునేలా పెట్టి ఉంటే అది ఆగిపోతుంది. నా విషయంలో ప్రీమియం తేదీ దాటాక గానీ ఆ సంగతి గుర్తురాలేదు.